అమెరికాలో నైట్ విజన్ స్కోప్ కొనే ముందు చట్టం ఎలా చూసుకోవాలి?

టెక్సాస్‌లో ఊరి శివార్లలో ఐదెకరాలో పదెకరాలో కొనుక్కున్న మనవాళ్లకు అడవి పందుల సంగతి కొత్తగా చెప్పక్కర్లేదు. రాత్రి గుంపుగా దిగుతాయి. తెల్లారేసరికి నేలంతా నాగలి పెట్టి దున్నినట్టు కుళ్లగించి పోతాయి. అది చూసి కడుపు మండినవారు ముందు వెతికేది తుపాకికి బిగించుకుంటే చీకట్లోనూ చూపించే స్కోపు కోసమే. 'ఇది ఇక్కడ లీగలేనా?' అని నన్ను అడుగుతుంటారు.

కొనుక్కోవచ్చా అన్నంతవరకే అయితే జవాబు చిన్నది. మామూలు మనుషుల దగ్గర నైట్ విజన్ పరికరం ఉండకూడదని చెప్పే ఫెడరల్ చట్టం ఏదీ లేదు. చిక్కంతా మీ వీసా ఏమిటి, మీరుండేది ఏ రాష్ట్రం, దాంతో ఏ జంతువును వేటాడతారు అన్నచోట వస్తుంది. నేను చెప్పే వరుసలోనే చూసుకోండి. మనవాళ్లు ఎక్కువగా మొదటి మెట్టు దగ్గరే పొరబడతారు.

మొదటి మెట్టు: మీ వీసా

సిటిజన్‌షిప్ గానీ గ్రీన్ కార్డ్ గానీ ఉంటే ఈ మెట్టు తేలిగ్గా దాటేయవచ్చు. హెచ్-1బీ, హెచ్-4, ఎఫ్-1 లాంటి వీసాల మీద ఉంటే మాత్రం ఇక్కడ ఆగి నెమ్మదిగా చదవండి.

స్కోపు సంగతి ముందు చెబుతాను. ఉన్న కాస్త వెలుగును పెంచి చూపించే మంచి ట్యూబుతో వచ్చే నైట్ విజన్‌ను అమెరికా ప్రభుత్వం సైనిక సామగ్రి లెక్కన చూస్తుంది. దాని ఎగుమతిని ఇటార్ అనే నిబంధనలు కట్టడి చేస్తాయి. ఆ నిబంధనల లెక్కలో గ్రీన్ కార్డ్ లేని వీసాదారు విదేశీయుడే. అందుకే చాలామంది అమ్మకందారులు మీ హోదా ఏమిటో రాసిచ్చి సంతకం పెట్టమంటారు. అక్కడ అబద్ధం రాయకండి.

ఇక తుపాకి. స్కోపు కంటే పెద్ద ప్రమాదం ఇక్కడుంది. నాన్ ఇమిగ్రెంట్ వీసా (హెచ్-1బీ, ఎఫ్-1 లాంటి తాత్కాలిక వీసా) మీద ఉన్నవారు తుపాకి గానీ తూటాలు గానీ దగ్గర పెట్టుకోవడం ఫెడరల్ చట్టం ప్రకారం నేరం. దీనికి ఉన్న కొద్ది మినహాయింపుల్లో మనవాళ్లకు పనికొచ్చేది ఒకటే: అమెరికాలో ఇచ్చిన, గడువు తీరని వేట లైసెన్స్ చేతిలో ఉండాలి.

టెక్సాస్‌లో అసలు ఉచ్చు ఇదే. 2019 సెప్టెంబర్ 1 నుంచి అక్కడ ప్రైవేటు భూమిలో, యజమాని అనుమతితో అడవి పందుల్ని కొట్టడానికి వేట లైసెన్స్ అక్కర్లేదు. ఈ మాట విని హెచ్-1బీ మీదున్న కుర్రాడు స్నేహితుడి ర్యాంచ్‌కు వెళ్లి రైఫిల్ పట్టుకున్నాడనుకోండి. రాష్ట్రం లెక్కన తప్పేమీ లేదు. ఫెడరల్ లెక్కన మాత్రం 15 ఏళ్ల దాకా జైలు పడగల నేరం. ఇమిగ్రేషన్ చట్టం ప్రకారం దేశం నుంచి పంపించేయడానికీ అదే కారణం కాగలదు. తెలిసి రైఫిల్ చేతికిచ్చిన స్నేహితుడూ చిక్కుల్లో పడతాడు. కాబట్టి పందులకు అక్కర్లేకపోయినా వేట లైసెన్స్ కొనండి. రాష్ట్ర నివాసికి సాధారణ లైసెన్స్ ఖరీదు 25 డాలర్లు. 1971 సెప్టెంబర్ 2న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవారు హంటర్ ఎడ్యుకేషన్ కోర్సు కూడా చేయాలి.

ఆ లైసెన్స్ ఏ నెలలో కొన్నా ఆగస్టు 31తో గడువు తీరిపోతుంది. సెప్టెంబర్ 1న కొత్తది లేకుండా తుపాకి ఇంట్లో ఉంటే మినహాయింపు పోయినట్టే. ఫోనులో గుర్తు పెట్టుకోండి. మీ కేసులో ఏ కాస్త అనుమానమున్నా, గ్రీన్ కార్డ్ ఫైలు నడుస్తున్నా, ముందు ఇమిగ్రేషన్ లాయరుతో మాట్లాడండి.

రెండో మెట్టు: పరికరం ఏ రకం

నైట్ విజన్ అని అందరూ ఒకే మాట వాడినా మూడు రకాలున్నాయి. ట్యూబు స్కోపు ఉన్న కాస్త వెలుగునే పెంచి చూపిస్తుంది. డిజిటల్ స్కోపు కెమెరా లాంటిది. కటిక చీకట్లో దానికి ఇన్‌ఫ్రారెడ్ టార్చ్, అంటే కంటికి కనిపించని వెలుగు వేసే టార్చ్, తోడు కావాలి. థర్మల్ స్కోపు ఒంటి వేడిని చూస్తుంది, దానికి వెలుగుతో పనే లేదు. కొన్ని చట్టాలు ఈ తేడా మీదే నిలబడ్డాయి కాబట్టి పెట్టె మీద ఏముందో చదివి రాసిపెట్టుకోండి.

మూడో మెట్టు: మీ రాష్ట్రం

ఇక్కడ ఒక్క చట్టం చూసి ఆగిపోకూడదు. నేరాలకు సంబంధించిన చట్టం వేరు, వేట నిబంధనలు వేరు. రెండూ తెరిచి చూడాలి.

కాలిఫోర్నియా శిక్షాస్మృతిలోని 468వ సెక్షన్ ప్రకారం 'స్నైపర్‌స్కోప్' కొనడం, అమ్మడం, దగ్గర ఉంచుకోవడం అన్నీ నేరాలే. ఏడాది దాకా జైలు, 1,000 డాలర్ల దాకా జరిమానా, లేదా రెండూ పడవచ్చు. ఇన్‌ఫ్రారెడ్ వెలుగును ముందుకు వేసి చీకట్లో చూపించే, తుపాకికి బిగించడానికి వీలున్న పరికరాన్నే ఆ సెక్షన్ స్నైపర్‌స్కోప్ అంటుంది. అంటే వేల డాలర్ల ట్యూబు కంటే, టార్చ్‌తో కలిపి వచ్చే చవక డిజిటల్ స్కోపే అక్కడ ముందు ఇరికించేది. పోనీ టార్చ్ లేనిది కొన్నా, వేటకు నైట్ విజన్ వాడకూడదని అక్కడి వేట చట్టమైన ఫిష్ అండ్ గేమ్ కోడ్ విడిగా చెబుతోంది.

మిన్నెసోటా పద్ధతి ఇంకోటి. వేటకు పనికొచ్చే తుపాకో విల్లో దగ్గరున్నప్పుడు నైట్ విజన్, థర్మల్ పరికరాలు ఉండకూడదని అక్కడి ప్రధాన నియమం. గుంపులో ఒకరి దగ్గర తుపాకి, ఇంకొకరి దగ్గర స్కోపు ఉన్నా తప్పే. మినహాయింపులు పరిమితం. అలబామాలో రాత్రిపూట పందుల్ని, కయోటీల్ని (నక్క లాంటి జంతువుల్ని) వేటాడటానికి ప్రత్యేక లైసెన్సే ఉంది.

మీ రాష్ట్ర వన్యప్రాణి శాఖ ఏటా వేట నిబంధనల పుస్తకం ఇస్తుంది. ఈ ఏడాదిదే తీసుకుని అందులో నైట్ విజన్, థర్మల్, ఆర్టిఫిషియల్ లైట్, ఇన్‌ఫ్రారెడ్ అనే మాటలు వెతకండి. దుకాణంవాడి మాట మీద వెళ్లకండి.

నాలుగో మెట్టు: జంతువు, నేల, వేళ

టెక్సాస్‌లో రాత్రి పందిని కొట్టవచ్చు, జింకను కొట్టకూడదు. జింక లాంటి గేమ్ జంతువులకు, అంటే చట్టం వేట జంతువులుగా గుర్తించినవాటికి, సూర్యోదయానికి అరగంట ముందు నుంచి సూర్యాస్తమయం తర్వాత అరగంట దాకానే వేళ. థర్మల్‌లో రెండూ తెల్లటి మచ్చల్లాగే కనిపిస్తాయి. అది ఏ జంతువో, దాని వెనక ఏముందో తేలకపోతే ట్రిగ్గర్ జోలికి పోవద్దు. ఆవులూ దూడలూ మనుషులూ ఆ చీకట్లోనే ఉంటారు.

భూయజమాని అనుమతి కాగితం మీద తీసుకోండి. బయల్దేరే ముందు స్థానిక గేమ్ వార్డెన్‌కు (వేట చట్టాలు అమలుచేసే అధికారికి), షెరిఫ్ ఆఫీసుకు ఒక ఫోన్ చేసి ఎక్కడ, ఎన్ని గంటలకు ఉంటారో చెప్పండి. రాత్రి తుపాకి చప్పుడు విని పొరుగువారు పోలీసుల్ని పిలిస్తే, ఆ ఫోనే మిమ్మల్ని కాపాడుతుంది.

ఐదో మెట్టు: స్కోపు ఊరు దాటే ముందు

ఊళ్లో నాన్నగారి చేనుకు పందులు పడుతున్నాయని స్కోపు సూట్‌కేసులో పెట్టుకుని హైదరాబాద్ విమానం ఎక్కకండి. చేతిలో మోసుకెళ్లినా అది ఎగుమతే. ఇటార్ కిందికి వచ్చే వస్తువును లైసెన్స్ లేకుండా తీసుకెళ్తే 20 ఏళ్ల దాకా జైలు, 10 లక్షల డాలర్ల దాకా జరిమానా పడవచ్చు. నైట్ విజన్ టెక్నాలజీని అక్రమంగా విదేశాలకు పంపినందుకు 2007లో ఐటీటీ అనే పెద్ద రక్షణ కంపెనీయే నేరం ఒప్పుకుని 10 కోట్ల డాలర్లు కట్టాల్సి వచ్చింది. థర్మల్ పరికరాల్లోనూ చాలావాటికి ఎగుమతి నియంత్రణలున్నాయి. అటు ఇండియాలోనూ 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ఉంది, అనుమతి లేకుండా వేట కుదరదు.

ఉద్యోగం మారి డాలస్ నుంచి కాలిఫోర్నియాలోని శాన్ హోసేకు సామాన్లు సర్దుతున్నా మూడో మెట్టు మళ్లీ మొదటి నుంచి చూసుకోవాలి. టార్చ్ ఉన్న డిజిటల్ స్కోపు అయితే ట్రక్కులో ఎక్కించకముందే టెక్సాస్‌లోనే అమ్మేయండి. కొనేవారి హోదా అడిగి, వారు సంతకం చేసిన కాగితం ఒకటి మీ దగ్గర దాచుకోండి.