తాబేళ్లు ఒడ్డుకు వచ్చే ముందు: చెన్నై తీరంలో ఉండేవారికి కొన్ని జాగ్రత్తలు

ఈశాన్య రుతుపవనాల వానలు తెరిపిచ్చి, మార్గశిరపు చలిగాలి మొదలయ్యాక, అంటే జనవరి నుంచి ఏప్రిల్ దాకా, ఆలివ్ రిడ్లే అనే జాతి సముద్రపు తాబేళ్లు చెన్నై ఒడ్డుకు వచ్చి గుడ్లు పెడతాయి. బెసెంట్ నగర్, తిరువాన్మియూరు, పాలవాక్కం, నీలాంకరై ప్రాంతాల్లో సముద్రానికి నాలుగడుగుల దూరంలో కాపురముంటున్న మన తెలుగు కుటుంబాలు ఇప్పుడు చాలానే ఉన్నాయి కనుక, ఆ కాలం రాకముందే కొన్ని విషయాలు తెలుసుకుని ఉండడం అవసరం. నా అనుభవంలో ఈ ఇసుక మీద తాబేళ్లకు జరిగే హానిలో కొంత దుర్మార్గుల వల్ల జరిగితే, చాలా భాగం మంచి మనసుతో సాయం చేయబోయినవారి వల్లే జరుగుతోంది.

అన్నిటికంటే ముందు చూసుకోవలసినవి ఇంటి దీపాలు. గుడ్డు నుంచి బయటపడిన పిల్ల రాత్రిపూట నేల కంటే కాస్త తెల్లగా మెరిసే సముద్రం వైపు నడుస్తుంది. దానికి దిక్కు చూపేది ఆ వెలుతురే. వెనక వీధిలో అంతకంటే ప్రకాశవంతమైన దీపం ఉంటే అది నీటికి బదులు రోడ్డు మీదికి వస్తుంది. మా అపార్ట్‌మెంట్ మేడ మీద పండుగకని పెట్టి, తీయడం మరచిన ఫ్లడ్‌లైటు కింద ఒక మార్చి తెల్లవారుజామున మా వాచ్‌మన్ ఏడు పిల్లలను ఏరాడు. రెండు అప్పటికే కారు చక్రాల కింద పడ్డాయి. అగ్గిపెట్టె కన్నా కాస్త పెద్దవి, నల్లగా, ఇసుక అంటుకుని ఉన్నాయి. ఆ దీపం పెట్టించినవాళ్లలో నేనూ ఒకణ్ణి. అందువల్ల సముద్రం వైపున్న బాల్కనీ దీపాలను రాత్రి పది దాటాక ఆర్పివేయాలని, ఆర్పడానికి వీలుకాని వాటికి కాంతి కిందికే పడేలా మూత బిగించాలని, కిటికీలకు మందపాటి తెరలు వేసుకోవాలని డిసెంబరులోనే అసోసియేషన్ సమావేశంలో తీర్మానం చేయించడం మంచిది.

రాత్రి బీచ్‌లో నడిచేటప్పుడు తాబేలు ఎదురుపడితే ముందు చేతిలోని టార్చి, ఫోను ఆర్పి, ఉన్నచోటే కూర్చోవాలి. రెండడుగులకు పైగా పొడవు, నలభై కిలోల వరకు బరువు ఉండే ఆ జీవి నీటిలో ఎంత చురుకైనదో ఇసుక మీద అంత నిస్సహాయురాలు. చోటు వెతుక్కునేటప్పుడు, గుంట తవ్వేటప్పుడు చిన్న అలికిడైనా, వెలుగు కనబడినా గుడ్లు పెట్టకుండానే తిరిగి వెళ్లిపోతుంది. వెనక కాళ్లతో, మనిషి గరిట తిప్పినట్టు, మార్చి మార్చి ఇసుక తీసి, కుండ ఆకారంలో దాదాపు మూరెడు లోతున గుంట చేసి, నూటికి అటూఇటూగా గుడ్లు పెడుతుంది. ఆ తరువాత గుంట పూడ్చి, ఒళ్లంతా అటూ ఇటూ ఊపుతూ డిప్పతో ఇసుకను దిమ్మిస పెట్టినట్టు కొడుతుంటే ఆ చప్పుడు పది గజాల దూరానికి వినిపిస్తుంది. దాని కంట కారే నీరు చూసి ఏడుస్తోందని కొందరు జాలిపడతారు గాని, అది ఒంట్లోని అదనపు ఉప్పును బయటికి పంపే గ్రంథి పని. ఫ్లాష్ వేసి ఫొటో తీయడం, పిల్లలను దాని మీద కూర్చోబెట్టడం, ఎదురుగా నిలబడి దారి అడ్డడం ఏ సందర్భంలోనూ తగవు.

గుడ్ల విషయంలో జాగ్రత్త మరీ ముఖ్యం. ఇసుక మీద తాబేలు పాకిన, ట్రాక్టరు టైరు జాడ వంటి గుర్తు కనబడితే దానిని చెరిపివేయకుండా అటవీ శాఖకు తెలియజేయాలి, తవ్వి చూడకూడదు. పెట్టిన కొద్ది గంటల తరువాత పిండం పెంకు పైభాగానికి అతుక్కుంటుంది కనుక, అప్పుడు గుడ్డును తలకిందులు చేస్తే లోపలి ప్రాణం పోతుంది. 1988 నుంచి పనిచేస్తున్న స్టూడెంట్స్ సీ టర్టిల్ కన్సర్వేషన్ నెట్‌వర్క్ కార్యకర్తలు ఈ కాలంలో రాత్రివేళ నీలాంకరై నుంచి ఎలియట్స్ బీచ్ వైపు నడిచి, గూళ్లను గుర్తించి, గుడ్లను హ్యాచరీకి, అంటే పిల్లలయ్యేదాకా గుడ్లను కాపాడే కంచె వేసిన చోటికి, తరలిస్తారు. ఇది నేర్చుకున్న చేతులు చేసే పని. హ్యాచరీలో కూడా ఎండ ముదిరితే పందిరి అవసరమవుతుంది. ఎందుకంటే ఇసుక వేడెక్కిన కొద్దీ పుట్టే తాబేలు పిల్లల్లో ఆడవి ఎక్కువవుతాయి, వేడి మరీ ఎక్కువైతే గుడ్లే ఉడికిపోతాయి. గుడ్లు ఏరడం, అమ్మడం, తినడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద నేరం. ఆ చట్టంలో అత్యధిక రక్షణ పొందే జీవుల జాబితా అయిన మొదటి షెడ్యూలులో ఈ తాబేలు ఉంది.

తాబేలు పిల్లలు గుడ్ల నుంచి బయటికి వచ్చేది సుమారు 45 నుంచి 60 రోజుల తరువాత. అప్పుడు వాటిని బకెట్టు నీళ్లలో వేసి మన ఇంటి పిల్లలకు చూపించే అలవాటు మానుకోవాలి. పొట్టలో మిగిలిన పచ్చసొనే వాటికి మొదటి రోజుల ఆహారం. ఆ శక్తి నడిసముద్రానికి ఈదడానికి కావాలి, బకెట్టులో గిరికీలు కొట్టడానికి కాదు. హ్యాచరీలో విడుదల చూడడానికి వెళ్తే గీసిన గీత దాటకుండా, ఇసుక మీద అవి తమంతట తామే నడిచేదాకా ఓపిక పట్టాలి.

మనకు ముక్కనుమ, తమిళులకు కాణుం పొంగల్ అయిన రోజున ఇసుక వేస్తే రాలనంత జనం బీచ్‌లకు వస్తారు. ఆ రోజు తిన్న ప్లేట్లు, పారేసిన కవర్లు, మిగిలిన భోజనం వీధికుక్కలను, కాకులను అక్కడికే అలవాటు చేస్తాయి. గూడు తవ్వేది ఆ కుక్కలే. మీ పెంపుడు కుక్కను సైతం రాత్రిపూట తాడు వదలకుండా తిప్పాలి.

ఒడ్డుకు కొట్టుకువచ్చిన తాబేళ్లు ఈ కాలంలో కంటబడడం సాధారణం. 2025 జనవరిలో తమిళనాడు తీరంలో, ముఖ్యంగా చెన్నై చుట్టుపక్కల, వెయ్యికి పైగా చనిపోయి కనిపించాయి. ఊపిరి పీల్చుకోవడానికి పైకి రావలసిన జీవి ట్రాలర్ (పెద్ద వలను నీటిలో ఈడ్చుకుపోయే చేపల పడవ) వలలో గంటల తరబడి ఇరుక్కుంటే మునిగిపోతుంది. కళేబరాన్ని ముట్టుకోకుండా, గుంటలో పూడ్చకుండా, చోటు, సమయం రాసి, సైజు తెలిసేలా డిప్పకు పక్కన చెప్పు గానీ స్కేలు గానీ పెట్టి ఒక ఫొటో తీసి అటవీ శాఖకు పంపాలి. మరణ కారణం తేల్చడానికి ఆ వివరాలు పనికివస్తాయి. ప్రాణంతో కొట్టుకువచ్చినదైతే దానిని నీటిలోకి నెట్టకూడదు, నీరసించినది మళ్లీ మునిగిపోవచ్చు. గొడుగో తడిగుడ్డో నీడ కల్పించి, ముక్కు దగ్గర గుడ్డ పడకుండా చూస్తూ, జనాన్ని దూరంగా ఉంచి, అటవీ సిబ్బంది వచ్చేదాకా పక్కనే ఉండాలి.