సొసైటీ మీద రిట్ వేసే ముందు: సహకార శాఖలో దరఖాస్తు ఎలా పెట్టాలి

ఊళ్లోని సహకార సంఘంలో లెక్కలు అడిగితే చూపించకపోయినా, లోను కట్టేసినా బాకీ ఉందని నోటీసు వచ్చినా చాలామంది నేరుగా హైకోర్టులో రిట్ (ముఖ్యంగా ప్రభుత్వాన్ని, ప్రభుత్వ సంస్థలను ఆదేశించమని కోరే పిటిషన్) వేస్తామంటారు. కోపం న్యాయమైనదే. కానీ సొసైటీ మీదే వేసిన రిట్ చాలాసార్లు విచారణ దాకా కూడా వెళ్లదు. సహకార చట్టం కింద రిజిస్టరైనంత మాత్రాన సొసైటీ ప్రభుత్వ సంస్థ అయిపోదు. కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసులో 1990లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఫుల్ బెంచ్ ఇదే చెప్పింది. చట్టం విధించిన బాధ్యతను ఉల్లంఘిస్తే రిట్‌కు దారి ఉంది గానీ, బైలా (సంఘం తనకు తాను రాసుకున్న నియమం) తప్పారన్నది ఒక్కటే చాలదు.

కేరళలోని తలప్పలం సహకార బ్యాంకు కేసులో 2013 అక్టోబరు 7న సుప్రీంకోర్టు మరో మాట తేల్చింది. ప్రభుత్వ యాజమాన్యం గానీ, గట్టి అజమాయిషీ గానీ, గణనీయమైన ప్రభుత్వ నిధులు గానీ లేని సొసైటీ సమాచార హక్కు చట్టం కిందికి రాదు. అయితే సహకార సంఘాలను పర్యవేక్షించే ప్రభుత్వ అధికారి అయిన రిజిస్ట్రార్ ఆ చట్టం కిందికి వస్తారు. చట్టప్రకారం సొసైటీ నుంచి ఆయన తెప్పించుకోగల సమాచారాన్ని మనం ఆయన ద్వారా అడగొచ్చు. సామాన్య సభ్యుడికి ఆ తీర్పులో అన్నిటికన్నా పనికొచ్చే భాగం ఇదే.

అందుకే మొదటి దరఖాస్తు జిల్లా సహకార అధికారి కార్యాలయంలోని పౌర సమాచార అధికారి పేరున పెట్టండి. తెల్లకాగితం చాలు. జిల్లా స్థాయిలో ఫీజు 10 రూపాయలు. తెల్లకార్డు ఉంటే జిరాక్సు జతచేయండి, ఫీజు ఉండదు. "సొసైటీలో జరిగిన అక్రమాల వివరాలు ఇవ్వండి" అని రాస్తే జవాబు రాదు. ఇలా రాయండి:

"సమాచార హక్కు చట్టం సెక్షన్ 2(ఎఫ్) ప్రకారం, సహకార సంఘాల చట్టం, 1964 కింద మీరు తెప్పించుకోగల ఈ రికార్డుల నకళ్లు ఇవ్వగలరు: ఫలానా సంఘం గత మూడేళ్ల ఆడిట్ రిపోర్టులు, మహాజన సభ తీర్మానాలు, నా సభ్యత్వ నంబరు మీద ఉన్న లోను ఖాతా లెడ్జరు."

ఇతరుల ఖాతాలు అడగొద్దు, వ్యక్తిగత సమాచారమని తిరస్కరిస్తారు. 30 రోజుల్లో జవాబు రాకపోతే, ఆ తర్వాతి 30 రోజుల్లోగా మొదటి అప్పీలు వేయాలి.

కాగితాలు చేతికొచ్చాక అసలు పని మొదలవుతుంది. సంఘం నిర్మాణం, నిర్వహణ, వ్యాపారానికి సంబంధించిన తగాదా అయితే ఆంధ్రప్రదేశ్ సహకార సంఘాల చట్టం, 1964 సెక్షన్ 61 కింద రిజిస్ట్రార్ ముందు పిటిషన్ వేయాలి. తెలంగాణలోనూ ఇదే చట్టం. మీ సభ్యత్వ వివరాలు, ఏ తేదీన ఏం జరిగింది, మీకు ఏం కావాలి అన్నవి స్పష్టంగా రాసి రుజువులు జతచేయండి. ఉద్యోగి మీద తీసుకున్న క్రమశిక్షణ చర్య దీని కిందికి రాదు. తీర్పు నచ్చకపోతే సహకార ట్రిబ్యునల్‌కు అప్పీలు ఉంది. మీ ఒక్కరి గొడవ కాకుండా మొత్తం నిర్వహణే బాగాలేదనుకుంటే, సభ్యుల్లో ఐదో వంతు మంది సంతకాలతో సెక్షన్ 51 కింద విచారణ కోరండి. అన్ని సంతకాలు వస్తే విచారణ జరిపించడం రిజిస్ట్రార్ బాధ్యత. ఒంటరిగా తిరగడం కన్నా ఈ దారి ఎంతో బలమైనదని నా అభిప్రాయం.

మీ సంఘం ఏ చట్టం కింద ఉందో రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్‌లో ముందే చూసుకోండి. 1995 నాటి మాక్స్ (పరస్పర సహాయక సహకార సంఘాల) చట్టం కిందిదైతే తగాదా సహకార ట్రిబ్యునల్‌కే వెళ్లాలి. బహుళ రాష్ట్ర సంఘమైతే కేంద్ర రిజిస్ట్రార్ పరిధిలోకి వస్తుంది; డిపాజిట్ల ఫిర్యాదులకు 2023 సవరణతో సహకార అంబుడ్స్‌మన్ (సభ్యుల ఫిర్యాదులు విచారించే అధికారి) వచ్చారు.

ఇన్ని చేసినా రిజిస్ట్రార్ కదలకపోతే అప్పుడు హైకోర్టు. ఆ రిట్‌లో ప్రధాన ప్రతివాది రిజిస్ట్రార్ కావాలి. చట్టం అప్పగించిన పని ఆయన చేయలేదన్నదే మీ వాదన. కాబట్టి ప్రతి దరఖాస్తుకూ తేదీ వేసిన రసీదు తీసుకోండి, పోస్టులో పంపితే స్పీడ్ పోస్టులో, అందినట్టు రుజువు వచ్చేలా పంపండి. లాయరు మొదట అడిగేవి అవే.