ప్రొటీన్ నెట్‌వర్క్‌లో గీతలు చదవడం ఎలా

ఏటా ప్రాజెక్ట్ సబ్మిషన్ దగ్గరపడేసరికి వైజాగ్ మద్దిలపాలెంలో మా ఇంటికి ఇద్దరు ముగ్గురు ఎమ్మెస్సీ పిల్లలు వస్తారు. ల్యాప్‌టాప్ తెరిస్తే ఉన్ని ఉండలా చిక్కుపడిన ఒక బొమ్మ (ఒక్కో చుక్క ఒక ప్రొటీన్, చుక్కల్ని కలిపే గీతలు వాటి మధ్య సంబంధాలు), "అక్కా, దీని గురించి ఏం రాయాలి?" అనే టెన్షన్. నవ్వడానికి లేదు, నేనూ అలాగే చేశాను. ద్వారకానగర్‌లో కలర్ ప్రింట్ తీయించి, బైండింగ్ చేయించి వైవాకి వెళ్తే ఎక్స్‌టర్నల్ మాస్టారు ఒక గీత మీద పెన్ను పెట్టి "ఈ గీతంటే ఏంటమ్మా?" అన్నారు. ఆ రెండు ప్రొటీన్లు ఒకదాన్నొకటి పట్టుకుంటాయనా, ఒకే పనిలో ఉంటాయనా, లేక ఎవరో ఒక పేపర్లో రెండు పేర్లూ పక్కపక్కన రాశారనా? నాకు తెలీదు.

వందల జీన్లు ఒకేసారి పోసేయకండి. ఒక జబ్బు, ఐదారు ప్రొటీన్లు చాలు. మనవైపు సికిల్ సెల్, అంటే ఎర్రకణాలు కొడవలిలా వంగిపోయే జబ్బు, తీసుకోవడం మంచిది. అరకు, పాడేరు వైపు గిరిజన కుటుంబాల్లో ఉన్న జబ్బు, కేజీహెచ్‌లో పనిచేసినవాళ్లకి కొత్తగా చెప్పక్కర్లేదు. ప్రొటీన్ల మధ్య సంబంధాలు గీసి చూపించే స్ట్రింగ్ అనే ఉచిత సైట్ తెరిచి, చాలా పేర్లు ఒకేసారి ఇచ్చే పెట్టెలో హెచ్‌బీబీ, హెచ్‌బీఏ1, హెచ్‌బీజీ1, ఏహెచ్‌ఎస్‌పీ, హెచ్‌పీ, బీసీఎల్11ఏ అని ఇంగ్లీషు అక్షరాల్లో లైనుకొకటి కొట్టండి. జీవి దగ్గర హోమో సేపియన్స్ ఎంచుకోండి (ఇది మర్చిపోయి ఎలుక నెట్‌వర్క్‌తో సగం చాప్టర్ రాసేసిన పిల్లాడు ఒకడున్నాడు).

బొమ్మ రాగానే స్క్రీన్‌షాట్ తీయకండి, ముందు సెట్టింగ్స్‌లోకి వెళ్లండి. అక్కడ ఫుల్ నెట్‌వర్క్, ఫిజికల్ సబ్‌నెట్‌వర్క్ అనేవి చూడండి. మొదటిదాంట్లో గీత ఉంటే ఆ రెండింటికీ ఏదో సంబంధం ఉందని మాత్రమే. రెండోదాంట్లో ఉంటే ఒకే ముఠాలో కలిసి కట్టుబడి ఉంటాయని ఆధారం ఉన్నట్టు. రెండు బొమ్మలూ తీసి పక్కపక్కన పెట్టుకోండి. తర్వాత ఒక్కో గీత మీద క్లిక్ చేస్తే ఆధారం దేన్నుంచి వచ్చిందో విడివిడిగా చూపిస్తుంది: ల్యాబ్ ప్రయోగమా, నిపుణులు ఏరి పెట్టిన డేటాబేసా, టెక్స్ట్ మైనింగా (అంటే పేపర్లలో రెండు పేర్లూ కలిసి కనిపించాయని కంప్యూటర్ ఏరింది). ఉత్త టెక్స్ట్ మైనింగ్ మీదే నిలబడ్డ గీతని నేనైతే పెన్సిల్‌తో వేసినట్టే లెక్కేస్తాను. ఇక స్కోరు. 0.4 మధ్యస్థం, 0.7 ఎక్కువ, 0.9 చాలా ఎక్కువ. ఇది ఆ సంబంధం నిజమేనని స్ట్రింగ్ వాళ్లకున్న నమ్మకానికి వేసిన మార్కు, అంతే. ప్రొటీన్లు ఎంత గట్టిగా పట్టుకుంటాయో దాన్నిబట్టి చెప్పలేం. ఈ ఒక్క ముక్క తెలియక వైవాలో దొరికిపోయేవాళ్లే ఎక్కువ.

ఇప్పుడు చదవడం. మీ బొమ్మలో గీతలన్నీ ఒకేలా కనిపిస్తాయి కానీ ఒక్కోదాని సంగతి వేరు. హెచ్‌బీబీ అంటే హిమోగ్లోబిన్ బీటా గొలుసు, హెచ్‌బీఏ1 ఆల్ఫా గొలుసు, రెండేసి చొప్పున కలిసి హిమోగ్లోబిన్ అవుతాయి, ఎర్రకణం బతికినన్నాళ్లూ ఈ కాపురం సాగుతుంది. ఏహెచ్‌ఎస్‌పీ అలా కాదు, కణం ఇంకా తయారవుతుండగా, బీటా గొలుసు వచ్చేదాకా ఆల్ఫా గొలుసు పాడవకుండా చెయ్యి పట్టుకుని, రాగానే వదిలేస్తుంది. ఇక హెచ్‌పీ, అంటే హాప్టోగ్లోబిన్, రక్తపు ప్లాస్మాలో తిరుగుతుంటుంది. ఎర్రకణం పగిలి హిమోగ్లోబిన్ బయటికి వస్తే అప్పుడు పట్టుకుంటుంది, కణం బాగున్నంతకాలం వాటి ముఖాలు ఎదురుపడవు. ఒకటి జీవితకాలం, ఒకటి కాసేపు, ఒకటి కణం పోయాక. ప్రతి గీత పక్కనా "ఎప్పుడు, ఎక్కడ" అని రెండు మాటలు రాసుకోండి, ఏ కణజాలంలో ఏ ప్రొటీన్ ఉంటుందో హ్యూమన్ ప్రొటీన్ అట్లాస్‌లో చూసుకోవచ్చు. నా లెక్కలో ప్రాజెక్టులో సగం పని ఇదే.

మరి జబ్బు ఎక్కడుంది? ఈ బొమ్మలో లేదు! సికిల్ సెల్‌లో బీటా గొలుసు 6వ స్థానంలో గ్లూటామిక్ ఆమ్లం బదులు వేలిన్ ఉంటుంది. హిమోగ్లోబిన్ ఆక్సిజన్ వదిలేశాక ఆ వేలిన్ వెళ్లి పక్క హిమోగ్లోబిన్ మీదున్న ఒక చిన్న గుంటలో సరిగ్గా కూర్చుంటుంది, దానికి ఇంకోటి, దానికి మరోటి, పొడుగు పోగులు తయారై కణం కొడవలిలా వంగిపోతుంది. అంటే ఇక్కడ ప్రొటీన్ మాయమవలేదు, ఉన్న గీత తెగలేదు, ఉండకూడని కొత్త గీత పుట్టింది. స్ట్రింగ్‌లో ఉన్నది మామూలు ప్రొటీన్ల పటం, రోగి పటం కాదు. అందుకే మ్యుటేషన్ గురించి రాసేటప్పుడు చుక్క మొత్తం చెరిపేయకుండా, ఏ గీత తెగింది, ఏ గీత కొత్తగా వచ్చింది, ఏది అలాగే ఉంది అని అడగండి. మార్పు ప్రొటీన్‌లో ఏ భాగంలో ఉందో యూనిప్రాట్ అనే ప్రొటీన్ల డేటాబేస్‌లో దొరుకుతుంది.

బీసీఎల్11ఏ ఎందుకు చేర్చమన్నానంటే, అది హిమోగ్లోబిన్‌ని ముట్టుకోదు. ఎముక మజ్జలో, కేంద్రకం ఇంకా ఉన్న కణాల్లో, నూర్డ్ అనే ప్రొటీన్ ముఠాని వెంటేసుకుని డీఎన్‌ఏ మీద కూర్చుని, గర్భంలో ఉన్నప్పుడు పనిచేసే గామా గొలుసు జీన్‌ని, అంటే మన హెచ్‌బీజీ1 లాంటివాటిని, ఆపేస్తుంది. గామా గొలుసు ఎక్కువుంటే ఆ పోగులు సరిగా కట్టవు. 2023లో బ్రిటన్, అమెరికా ఆమోదించిన క్యాస్‌జెవీ అనే క్రిస్పర్ (డీఎన్‌ఏని ఎంచుకున్న చోట కత్తిరించే పద్ధతి) చికిత్స హెచ్‌బీబీని దిద్దదు, రక్తకణాల్లో బీసీఎల్11ఏ తయారీని తగ్గిస్తుంది. తప్పు ఒకచోట, మందు రెండు గీతల అవతల.

గీతలకి దిశ కూడా ఉంటుంది, స్ట్రింగ్ బొమ్మలో మామూలుగా కనపడదు. క్యాన్సర్ తీసుకున్నవాళ్లు పీ53 (కణం క్యాన్సర్‌గా మారకుండా కాపలా కాసే ప్రొటీన్), ఎండీఎం2 జంట చూడండి. పీ53 ఎండీఎం2ని ఎక్కువగా తయారుచేయిస్తుంది, ఆ ఎండీఎం2 వచ్చి పీ53కే యూబిక్విటిన్ అనే చిన్న గుర్తు తగిలించి నాశనానికి పంపిస్తుంది. డీఎన్‌ఏ దెబ్బతిన్నప్పుడు ఆ పట్టు సడలి పీ53 పెరుగుతుంది. ఒక్క గీతలో ఇంత కథ.

పీ53 పేరొచ్చింది కాబట్టి ఒక హెచ్చరిక. సైటోస్కేప్ అనే నెట్‌వర్క్ సాఫ్ట్‌వేర్‌లో పెట్టి ఎక్కువ గీతలున్న పది ప్రొటీన్లు ఏరి "హబ్ జీన్స్" అని రాసే అలవాటు ఒకటుంది, ఏ జబ్బుకి చేసినా పీ53, ఏకేటీ1 తేలతాయి, నాకు విసుగొచ్చేసింది. ఎక్కువ చదివినవాటికి ఎక్కువ గీతలు దొరుకుతాయి మరి. నెట్‌లో వైజాగ్ అని కొడితే ఆర్కే బీచ్ ఫొటోలు గుట్టలుగా వస్తాయి, గాజువాకలో జనం లేరనా? ఎక్కువ గీతలున్న ప్రొటీన్ తీసేస్తే కణం చచ్చిపోయే అవకాశం ఎక్కువని 2001లో చూపించింది ఈస్ట్‌లో. మనిషిలో అలాంటి కీలకమైనది పూర్తిగా పోతే పిండమే నిలవకపోవచ్చు, ఇక జబ్బుగా మనకెక్కడ కనిపిస్తుంది? కాబట్టి అంచున, నాలుగు గీతలతో ఉన్నవాటిని కూడా చూడండి. మీ హబ్ నిజమైనదో కాదో తేల్చుకోవాలంటే, అదే కణజాలంలో ఉండే జీన్ల నుంచి అంతే సంఖ్యలో అడ్డదిడ్డంగా ఏరి మళ్లీ గీయండి, అక్కడా అదే పైకి వస్తే వదిలేయండి.

చివర్లో బొమ్మ కింద స్ట్రింగ్ వెర్షన్, తీసిన తేదీ, స్కోరు కటాఫ్, ఫుల్లా ఫిజికలా, ఏ ఆధారాలు ఆన్‌లో ఉంచారో రాయండి. కొత్త వెర్షన్ వస్తే గీతలు మారతాయి. కలర్ ప్రింట్ ఆ తర్వాతే.