పాత చరిత్రను నిగ్గుతేల్చి చదవడం – 4వ భాగం: కమిల్లస్

పోయిన భాగంలో రోమ్ పదవుల సంగతి చెప్పుకున్నాం కదా, ఈసారి దాన్ని ఒక మనిషి మీద పెట్టి సాధన చేద్దాం. మనిషి రోమన్ సేనాని మార్కస్ ఫ్యూరియస్ కమిల్లస్.

ముందుగా కథలన్నీ పక్కన పెట్టి, ఆయన పదవులు మాత్రం ఒక కాగితం మీద రాసుకోండి. ఆరుసార్లు కాన్సులర్ ట్రిబ్యూన్ (ఆ కాలంలో చాలా ఏళ్లు, ఏటా ఎన్నుకునే ఇద్దరు అత్యున్నత అధికారులైన కాన్సల్‌లకు బదులు వీళ్లనే ఎన్నుకునేవారు). ఐదుసార్లు నియంత: క్రీ.పూ. 396, 390, 389, 368, 367. కాన్సల్ మాత్రం ఒక్కసారీ కాలేదు. నియంతను ఆపద వస్తేనే పెడతారు, అదీ ఆరు నెలలకు మించకుండా, కాబట్టి ఆ ఐదు ఏళ్ల పక్కన ఏం గొడవ జరిగిందో రాసుకుంటే సగం చరిత్ర మీకే కనపడుతుంది: 396లో రోమ్ పొరుగునున్న వేయి (Veii) అనే నగరం మీద యుద్ధం, 390లో ఉత్తరం నుంచి వచ్చిన గాల్ జాతివాళ్లు రోమ్‌ను దోచుకోవడం, చివరి రెండేళ్లలో కాన్సల్ పదవి కోసం ప్లెబియన్ల (సామాన్య పౌరుల) పోరాటం.

ఇప్పుడు కథల్లోకి వద్దాం. రోమన్ చరిత్రకారుడు లివీ చెప్పేది ఇది: రోమ్ దగ్గరి ఆర్డియా ఊళ్లో ప్రవాసంలో ఉన్న కమిల్లస్‌ను నియంతగా పిలిచారు, రోమన్లు గాల్‌లకు వెయ్యి పౌండ్ల బంగారం తూచి ఇస్తుండగా ఆయన సైన్యంతో దిగి, దేశాన్ని దక్కించుకోవాల్సింది బంగారంతో కాదు, ఇనుముతో అని చెప్పి వాళ్లను తరిమేశాడు. చదువుతుంటే ఒళ్లు పులకరిస్తుంది, నిజమే. కానీ లివీ కంటే వందేళ్లకు పైగా ముందే రాసిన గ్రీకు చరిత్రకారుడు పొలీబియస్‌ను తీయండి. ఆయన లెక్కలో, గాల్‌ల సొంత ప్రాంతం మీద వెనెటీలు అనే పొరుగు జాతివాళ్లు దాడి చేయడంతో వాళ్లు రోమన్లతో ఒప్పందం చేసుకుని వెళ్లిపోయారు, దోచుకున్నదంతా భద్రంగా పట్టుకుపోయారు కూడా. ఈ కథలో కమిల్లస్ పేరే లేదు! అందుకే ప్రతి కథనూ మూడు ప్రశ్నలు అడగండి: పాతవాళ్లలో ఎవరు చెప్పారు, దీనివల్ల ఎవరి అవమానం తుడిచిపెట్టుకుపోతోంది, నేల మీద ఏం మిగిలింది? నా అభిప్రాయంలో బంగారం కథ ఈ మూడింటి దగ్గరా తేలిపోతుంది.

అలాగని కమిల్లస్‌నే కొట్టిపారేయొద్దు, కొత్తగా చదివేవాళ్లు ఎక్కువగా తప్పేది ఇక్కడే. వేయి ముట్టడి పదేళ్లు సాగిందంటే పదేళ్ల ముట్టడి చెప్పే గ్రీకుల ట్రాయ్ కథ గుర్తొచ్చి అనుమానం రావాలి, రానివ్వండి. కానీ వేయి పడిపోయిన మాట నిజం: ఆ భూమి రోమ్‌లో కలిసింది, 387లో అక్కడి కొత్త పౌరుల కోసం నాలుగు కొత్త ట్రైబ్‌లు (ఓటు వేయడానికి పౌరులను విడదీసిన విభాగాలు) ఏర్పడ్డాయి. మూడో ప్రశ్నకు ఇంతకంటే గట్టి జవాబు దొరకడం అరుదు.

అభ్యాసం: ఫలేరీ అనే ఊరి ముట్టడిలో ఒక బడిపంతులు ఊరి పెద్దల పిల్లలను తెచ్చి కమిల్లస్‌కు అప్పగించబోతే, ఆయన ఆ పంతులు చేతులు వెనక్కి కట్టించి, పిల్లలతోనే బెత్తాలతో కొట్టిస్తూ వెనక్కి పంపాడట, అది చూసి ఊరు లొంగిపోయిందట. మూడు ప్రశ్నలూ దీన్ని అడిగి, ఒక్కోదానికి రెండు వాక్యాల్లో జవాబు రాయండి. వచ్చే భాగం సిన్సినాటస్ మీద.