మన ఊళ్లో సూపర్‌హీరో సినిమా: పోయిన వీరుణ్ణి సాగనంపే సీనుకు ఎవరెవరు రావాలి, ఎలా తీయాలి

శ్రీకాకుళం, విజయనగరం కుర్రాళ్లు సూపర్‌హీరో షార్ట్ ఫిల్మ్ తీస్తే ఫైటుకు, గ్రాఫిక్సుకు పెట్టే శ్రద్ధలో పావు వంతు కూడా అంతిమయాత్ర సీనుకు పెట్టరు. దొరికిన పాతికమందికి తెల్లబట్టలు కట్టించి నాగావళి ఒడ్డున నిలబెట్టి, వెనక వయొలిన్ వేసేస్తారు. చూసేవాడికి ఏమీ అనిపించదు, ఎందుకంటే అక్కడ నిలబడ్డవాళ్లు ఎవరో వాడికి తెలీదు. హీరో ఎలా బతికాడో చెప్పేది ఆ వచ్చిన మనుషులే. అందుకే ఈ సీనులో మొదటి పని కెమెరాది కాదు, కాగితానిది.

వచ్చేవాళ్ల పేర్లు వరసగా రాయండి. ఒక్కొక్క పేరు ఎదురుగా ఒక్కటే వాక్యం: ఇతను పోవడం వల్ల రేపటి నుంచి ఈ మనిషికి ఏది ఉండదు? కూతురికి రాత్రి తలుపు తీసే నాన్న ఉండడు. టీ కొట్టువాడికి ఖాతా తీర్చకుండానే నవ్వుకుంటూ పోయే మనిషి ఉండడు. సాటి వీరుడికి వెన్ను కాసేవాడు ఉండడు. వాక్యం రాయలేని పేరు కొట్టేయండి. "స్నేహితులు", "ఊరి జనం" అని గుంపుగా రాస్తే అది పేరు కింద లెక్క కాదు. అరగంట సినిమాకు ఇరవై ఒక్క మంది చాలు, అందులో ప్రేక్షకుడు ముఖం చూసి పోల్చుకోవాల్సినవాళ్లు ఏడెనిమిది మంది. అంతకు మించితే ఎవరి మీదా కన్ను నిలవదు.

ఈ లెక్క పెద్ద సినిమాలకూ తప్పలేదు. 2019లో వచ్చిన 'అవెంజర్స్: ఎండ్‌గేమ్'లో ఐరన్ మ్యాన్ అయిన టోనీ స్టార్క్‌ను సాగనంపే సీను చూడండి. సరస్సు ఒడ్డున భార్య పెప్పర్, చిన్న కూతురు మోర్గాన్, స్నేహితులు హ్యాపీ, రోడీ, సాటి వీరుడు స్టీవ్ ముందుంటారు. వాళ్ల వెనక స్పైడర్‌మ్యాన్ పీటర్, అతని మే పిన్ని, సాటి వీరులు థోర్, బ్యానర్, స్ట్రేంజ్, వాంగ్, ఇంకా వెనక్కి వకాండా రాజ్యంవాళ్లు, ఇంకో వీరుడు క్లింట్ కుటుంబం, చివరాఖరికి వరండాలో ఈ వీరులందర్నీ కూడగట్టిన నిక్ ఫ్యూరీ. ఆ వరసలో ఒంటరిగా నిలబడ్డ ఒక పొడుగు కుర్రాణ్ణి చాలామంది పోల్చుకోలేకపోయారు. అతను 2013లో వచ్చిన మూడో ఐరన్ మ్యాన్ సినిమాలో టోనీకి తన షెడ్డులో చోటిచ్చిన హార్లీ. నటుడు అప్పటి పిల్లాడే, కానీ ఆరేళ్లలో మనిషి పూర్తిగా మారిపోయాడు. అతణ్ణి పిలవడం నూటికి నూరుపాళ్లు సరైన పని, గుర్తు ఇవ్వకపోవడమే లోపం. మీ కథలో కూడా ఎప్పుడో మొదట్లో కనిపించినవాణ్ణి తిరిగి తెస్తే చేతిలో ఒక ఆనవాలు పెట్టండి. హీరో బాగుచేసి ఇచ్చిన సైకిలు బెల్లు చాలు. ఆ బెల్లు మొదటి సీనులో దగ్గరగా ఒకసారి కనబడి ఉండాలి, లేకపోతే ఇక్కడ పనిచేయదు.

అదే సినిమాలో ప్రాణం ఇచ్చిన సాటి వీరురాలు నటాషాకు ఇలాంటి సీను దక్కలేదు. ఆ సంగతి అభిమానులకు ఇప్పటికీ గుచ్చుకుంటూనే ఉంది. కథలో ఇద్దరు పోతే ఒకరికి రెండు నిమిషాల యాత్ర, ఇంకొకరికి ఒక డైలాగు అన్నట్టు చేయకండి. చోటు లేకపోతే ఒకే ఒడ్డున రెండు దండలు పెట్టండి.

ముసుగు ఉంటే లెక్క వేరు

టోనీ తానే ఐరన్ మ్యాన్‌నని 2008 నాటి మొదటి సినిమాలోనే విలేకరుల ముందు చెప్పేశాడు. కాబట్టి అతని చావుకు అందరూ రావచ్చు. మన కథల్లో హీరోకు ఎక్కువగా ముసుగు ఉంటుంది. పగలు నెల్లిమర్ల జనపనార మిల్లులో పని, రాత్రి ముసుగు అనుకోండి. పేరు అప్పలనాయుడు. అతను పోతే ఇంటి ముందు చేరేది మిల్లువాళ్లు, చుట్టాలు, వీధివాళ్లు. వాళ్ల దృష్టిలో పోయింది అప్పలనాయుడే. అతను కాపాడిన వందమందికి ఆ ఇల్లెక్కడో కూడా తెలీదు. ఈ చిక్కును దాటేయకండి, సీనులో ఉన్న బలమంతా ఇక్కడే ఉంది.

దీనికి జనం చేరే సందర్భాలు రెండు రాసుకోవాలి. ఇంటి దగ్గర జరిగేది మనిషికి, ఊరి మధ్య జనం కొవ్వొత్తులు పెట్టేది ముసుగుకు. రెండింటికీ వచ్చేవాళ్లు గుట్టు తెలిసినవాళ్లే, ముగ్గురో నలుగురో. ఇంటి దగ్గర వాళ్లు నోరు విప్పలేరు. సాటి వీరుడు పక్కనే నిలబడి ఉంటే హీరో మేనమామ వచ్చి "నువ్వెవులు బాబూ? మా వోడికి ఏటవుతావు?" అని అడుగుతాడు. ఆ కుర్రాడు "మిల్లులో కలిసి పనిసేసినోల్లం మావా" అంటాడు. అబద్ధం చెప్పడానికి ఒక్క క్షణం ఆలస్యమవుతుంది. ఆ ఆలస్యాన్ని ఎడిటింగులో కత్తిరించకండి.

ప్రభుత్వ లాంఛనాలు, తుపాకుల వందనం పెట్టాలని ముచ్చటపడేవాళ్లుంటారు. అసలు పేరే తెలియని మనిషికి ప్రభుత్వం లాంఛనాలు ఇవ్వలేదు, కాబట్టి ముసుగు కథలో అది అతకదు. పేరు బయటపడ్డ కథ అయితే పెట్టవచ్చు, అయితే జాతీయ జెండా కప్పినప్పుడు కాషాయం రంగు తల వైపు ఉండాలి, చితి అంటించే ముందు జెండా తీసి మడవాలి. దాన్ని కాల్చకూడదు, పూడ్చకూడదు.

ఎవరు ఎప్పటికి చేరగలరు

మన దగ్గర తెల్లారి పోయినవాళ్లను వీలైతే పొద్దుగూకేలోపే సాగనంపేస్తారు. అందుకని ప్రతి పేరు పక్కన అతను ఎక్కడి నుంచి వస్తున్నాడో, ఎన్ని గంటలకు చేరతాడో రాయండి. కొడుకు హైదరాబాదులో ఉంటే రాత్రి రైలెక్కి పొద్దున్నకు శ్రీకాకుళం దగ్గరి ఆమదాలవలస స్టేషనులో దిగుతాడు. అంటే శవాన్ని ఫ్రీజర్ బాక్సులో ఉంచాల్సిందే, దాని మోటారు చప్పుడు సీనులో వినిపించాల్సిందే. ఎగిరే శక్తి ఉన్నవాడు అందరికంటే ముందొచ్చి, రక్తసంబంధం లేదు కాబట్టి అందరి వెనక నిలబడతాడు. పలాస వైపు కొబ్బరి తోటల ఉద్దానం నుంచి వచ్చేవాళ్లు బస్సులు మారి ఆలస్యంగా నేరుగా నది దగ్గరికే చేరతారు. 2018 అక్టోబరు 11న పలాస ప్రాంతంలో తీరం దాటిన తిత్లీ తుపాను ఆ కొబ్బరి తోటల్ని ఎలా నేలకూల్చిందో ఇక్కడ ఎవరికీ చెప్పక్కర్లేదు. అలాంటి గాలివానలో హీరో కాపాడిన మనిషి చెప్పులు చేత్తో పట్టుకుని ఇసకలో పరుగున రావడం, వచ్చేసరికి చితి అంటుకుని ఉండటం, ఇంతకంటే మాటలు అనవసరం. భావనపాడు, కళింగపట్నం వైపు నుంచి చేపల వేటకెళ్లే గంగపుత్రులు వస్తే పూలదండ ఇవ్వకండి, తెడ్డు ఇవ్వండి.

పాడె, దింపుడు కళ్లం, ఆడవాళ్లు

సూటు, శవపేటిక, నల్లబట్టలు మనవి కావు. వెదురు పాడె కట్టించండి. బొంగులు రెండూ ఎనిమిదేసి అడుగులు, అడ్డకర్రలు ఏడు, పురికొసతో ముడి. మేకులు వద్దు, మోసేవాళ్ల భుజాలు కోసుకుంటాయి. పాడె మీద నటుణ్ణి పడుకోబెట్టకపోవడమే మంచిది. చాలామందికి పట్టింపు ఉంటుంది, ఇంట్లో పెద్దవాళ్లు బాధపడతారు. ముఖం కనబడే షాట్లు ఇంటి దగ్గర చాప మీద తీసుకుని, ఊరేగింపుకు బొమ్మ వాడండి. బొమ్మలో ఊక ఒక్కటే నింపితే మోసేవాళ్ల నడక తేలికగా ఉండి దొరికిపోతారు. ఇసక కలిపి ముప్పై అయిదు కిలోలకు తెండి, అప్పుడు భుజం నిజంగా వంగుతుంది.

మొదట మోసే నలుగురూ దగ్గర బంధువులే. దారిలో భుజం మార్చుకుంటారు కదా, సాటి వీరుడికి మీరివ్వాల్సిన చోటు అదే. అన్నయ్య అలసిపోతాడు, ముక్కూ మొహం తెలియని ఒక కుర్రాడు వచ్చి కర్ర కింద భుజం పెడతాడు. అన్నయ్య చూస్తాడు, వద్దనడు. వెయ్యి టన్నుల వంతెన ఎత్తినవాడైనా ఇక్కడ అందరిలాగే బరువు మోస్తున్నట్టు కనబడాలి. నటుడికి ఇది ముందే చెప్పండి.

దింపుడు కళ్లం దగ్గర పాడె దించి చెవిలో మూడుసార్లు పేరు పెట్టి పిలుస్తారు, ప్రాణం ఏమూలైనా ఉంటే పలుకుతాడేమోనని. ముసుగు కథకు ఇంతకు మించిన అవకాశం దొరకదు. తండ్రి "అప్పలనాయుడూ" అని మూడుసార్లు పిలుస్తాడు. తర్వాత గుట్టు తెలిసిన మనిషి వంగి ముసుగు పేరుతో పిలుస్తాడు, ఒకేసారి, ఎవరికీ వినబడకుండా. పెదవులే కనబడాలి. ఇక్కడ సంగీతం పూర్తిగా ఆపేయండి, డప్పులు కూడా.

చాలా ఇళ్లలో ఆడవాళ్లు ఊరి పొలిమేర దాకానే వస్తారు. మీ కథలో కూతురో, సాటి వీరురాలో నది దాకా వస్తే అది ఊరికే జరిగిపోకూడదు. ఒక పెద్దాయన ఆపాలి: "ఆడోలు ఇక్కడితో ఆగిపోవాలమ్మా." ఆమె "నాను వస్తాను బాబూ" అని నడుస్తూనే ఉండాలి. ఆయన తప్పుకుంటాడా లేదా అన్నది మీ ఇష్టం, ఆ నిర్ణయం మాత్రం తెర మీద కనబడాలి.

ఏడుపుకు నేపథ్య గాయని అక్కర్లేదు. మన ఊళ్లలో పెద్దమ్మలు మెడలు కావలించుకుని రాగం తీసి ఏడుస్తారు, అందులో పోయినవాడి బతుకంతా వస్తుంది: "గాలివానకి అడ్డంగా నిలబడ్డావు నాయనా, మమ్మల్ని ఎవులి సేతిలో ఎట్టీసి ఎలిపోనావు నాయనా." తెలిసిన పెద్దావిడనే అడగండి, రాసిచ్చి బట్టీ పట్టించకండి. హీరో చేసిన పనులు నాలుగు చెబితే చాలు, మాటలు ఆవిడే కట్టుకుంటుంది. ఒక్కటే టేకు అడగండి. రెండోసారి అడగడం ఆవిడకు కష్టం, మనకూ మర్యాద కాదు.

ఒడ్డున ఒకే షాటు

ఇరవై ఒక్క మందిని ముగ్గురేసి చొప్పున ఏడు గుంపులు చేయండి. నీళ్లకు దగ్గరగా కొడుకు, తండ్రి, అన్న. ఆ వెనక మేనమామ, బావ, చిన్ననాటి స్నేహితుడు. తర్వాత మిల్లువాళ్లు, వీధివాళ్లు, గంగపుత్రులు, సాటి వీరులు. ఏడో గుంపులో హీరోతో మాటలు మానేసినవాడు. అతని పక్క ఇద్దరూ అతనికి కాస్త ఎడంగా ఉండాలి. ఒక్కో గుంపుకు పది అడుగుల చోటు. ప్రతి గుంపులో ఒకరు ముందు, ఇద్దరు అరడుగు వెనక పక్కలకు, లేకపోతే ముఖాలు ఒకదాన్నొకటి మూసేస్తాయి. కెమెరా నీటి దగ్గర మొదలై వెనక్కి నడవాలి. సెకనుకు అడుగున్నర వేగంతో డెబ్బై అడుగులకు నలభై ఏడు సెకన్లు పడుతుంది, ఒక్కో గుంపు ఆరేడు సెకన్లు కనబడుతుంది.

ఇసకలో వెనక్కి నడిస్తే, కెమెరా ఊగకుండా ఆపే గింబల్ పట్టుకున్నా అడుగు దిగిన ప్రతిసారీ ఫ్రేము ఊగుతుంది. ఎనిమిది అడుగుల ప్లైవుడ్ షీట్లు తొమ్మిది పరిస్తే దారి సరిపోతుంది. కెమెరామన్ నడుం పట్టుకుని వెనక నుంచి దారి చూపేవాడు ఒకడు తప్పనిసరి. ఫోనుతో తీస్తే మామూలు లెన్సే వాడండి, వైడ్ లెన్సు అంచుల్లో ముఖాలు సాగిపోతాయి. తెల్లపంచెలు ఫ్రేములోకి వచ్చినప్పుడల్లా ఫోను వెలుతురు తగ్గించేసి ముఖాల్ని నల్లగా చేస్తుంది. అందుకే మొదటి గుంపులో ఒక ముఖం మీద ఎక్స్‌పోజర్ లాక్ చేసి, అంటే వెలుతురు మారకుండా బిగించి మొదలుపెట్టండి. మరీ తెల్లని కొత్త పంచెల కంటే ఉతికి పాతబడ్డవి మేలు. డిసెంబరులో ఐదున్నర ప్రాంతానికే పొద్దు దిగిపోతుంది, కాబట్టి నాలుగుంపావుకల్లా అందరూ స్థానాల్లో ఉండాలి. మూడు టేకుల కంటే ఎక్కువ దొరకవు.

నాగావళి, వంశధార రెండూ ఒడిశాలో పుట్టిన నదులు. ఇక్కడ చినుకు పడకపోయినా పైన వాన పడితే నీరు వచ్చేస్తుంది. వానాకాలంలో, అక్టోబరులో తీస్తే తోటపల్లి, గొట్టా బ్యారేజీల దగ్గర గేట్లు ఎత్తారేమో పొద్దున్నే కనుక్కోండి. చితి మంటకు పక్కనే నాలుగు డ్రమ్ముల నీళ్లు, తడిపిన గోనెసంచులు ఉంచండి. పోలీసు స్టేషనుకూ, ఆ ఒడ్డున ఉన్న ఊరి పెద్దలకూ ముందుగా చెప్పకపోతే ఊరేగింపు చూసి జనం నిజమే అనుకుని బయటికొస్తారు. ఆస్పత్రి రోడ్డు మీదుగా పాడె తీసుకెళ్లకండి. అదే రేవులో ఆ రోజు నిజంగా ఎవరినైనా తెస్తున్నారని తెలిస్తే షూటింగు ఆపేసి మర్నాటికి మార్చుకోండి, ఇందులో బేరం లేదు.

హీరో పోతాడన్న సంగతి దాచడం కూడా ఒక పనే. టోనీ సీనుకు నటుల్లో చాలామందికి పెళ్లి సీను అని చెప్పి పిలిచారు. మీరూ ఆ మాటే వాడొచ్చు, కానీ జూనియర్ ఆర్టిస్టులకు అలా చెబితే పట్టుచీరలతో దిగుతారు. పెళ్లి అనండి, బట్టలు మాత్రం మీరే తెచ్చి ఇవ్వండి. సెల్‌ఫోన్లు ఒక సంచిలో వేయించి ఒకరి చేతికి అప్పజెప్పండి.

ఒడ్డున చోటు దక్కని పాత్రలు మిగిలిపోతే వాళ్లను బలవంతంగా ఆ వరసలో ఇరికించకుండా పెద్దకర్మ భోజనాల సీనుకు పెట్టుకోండి. దూరం నుంచి రాలేకపోయినవాళ్లు, కబురు ఆలస్యంగా అందినవాళ్లు ఆ రోజుకు ఎలాగూ వస్తారు. ఆ సీనులో కొడుకు గుండుతో ఉంటాడు కాబట్టి అతని మిగతా పని మొత్తం, ముఖ్యంగా మొదటి భాగంలోని నవ్వే సీన్లు, ముందే పూర్తి చేసి పెట్టుకోవాలి. జుట్టు మీద తొడిగే టోపీ గుండు అయితే దగ్గరి షాటులో చెవుల వెనక తేలిపోతుంది. నిజంగా గీయించుకోవడానికి ఒప్పుకునే కుర్రాణ్ణే ఆ పాత్రకు తీసుకోండి, ఆ మాట వాళ్ల ఇంట్లో పెద్దవాళ్లతో మొదటి రోజే మాట్లాడండి.