తివాచీ కొనేముందు తిరగేసి చూడండి

చేతి ముడులతో నేసిన పాత తివాచీని అమ్మేవాళ్లు ఎప్పుడూ ముఖం పైకి పెట్టి, మంచి వెలుగులో పరుస్తారు. కొనేవాళ్లు మాత్రం ముందు వీపు చూడాలి. ఒక మూల పట్టుకుని వెనక్కి మడవండి. నేసిన పద్ధతి, చేసిన మరమ్మతు, దాచిన లోపం అన్నీ అక్కడే బయటపడతాయి.

వెంట ఒక స్కేలు, భూతద్దం, చిన్న టార్చి, నాలుగు తెల్ల నూలుగుడ్డ ముక్కలు, కాసిని నీళ్లు ఉంటే చాలు.

ముడి వేసిన తివాచీకి ముందు ఎంత స్పష్టంగా డిజైన్ ఉంటుందో వెనకా అంతే స్పష్టంగా కనిపిస్తుంది. వెనక గుడ్డ అంటించి ఉంటే అది టఫ్టెడ్ రకం. గన్‌తో గుడ్డలోకి ఊలు గుచ్చి, లేటెక్స్ జిగురు పూసి, పైన ఇంకో గుడ్డ అతికిస్తారు. ‘చేత్తో చేసిందే’ అని అమ్ముతారు. మాట అబద్ధం కాదు, కానీ అందులో ఒక్క ముడి కూడా ఉండదు. కొన్నేళ్లకు జిగురు పొడిపొడిగా రాలుతుంది. దాన్ని సేకరణలో చేర్చకండి.

తర్వాత కుచ్చులు చూడండి. ముడి తివాచీకి కుచ్చులంటే పడుగు దారాల, అంటే నేతలో నిలువుగా సాగే దారాల, కొసలే. ఒక దారాన్ని పట్టుకుని లోపలిదాకా చూపుతో వెంబడించండి. విడిగా కుట్టిన కుచ్చులైతే అది మిషన్‌ది కావచ్చు, లేదా కొస అరిగిపోయిన పాతది కావచ్చు. రెండోదైతే రెండు చివర్ల బోర్డర్ల వెడల్పు కొలిచి పోల్చండి. ఒకవైపు రెండంగుళాలు తక్కువుంటే ఆ మేరకు నేత పోయినట్టే. ధర మాట్లాడేటప్పుడు ఆ లెక్క ముందు పెట్టండి.

ఇక ముడుల లెక్క. వీపు మీద స్కేలు ఆనించి అడ్డంగా అంగుళానికి ఎన్ని, నిలువుగా ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టి గుణించండి. అడ్డం 10, నిలువు 12 అయితే చదరపు అంగుళానికి 120. కనీసం మూడు చోట్ల చూసి సగటు తీయండి. చాలామంది తప్పేది ఇక్కడే. పక్కపక్క పడుగు దారాలు ఒకే మట్టంలో ఉన్న నేతలో ఒక్క ముడి వెనక రెండు గింజల్లా కనిపిస్తుంది. రెండూ లెక్కేస్తే సంఖ్య రెట్టింపవుతుంది. డిజైన్‌లో అన్నిటికన్నా సన్నటి నిలువు గీత వెతకండి. ఆ రంగు గింజలు ఎప్పుడూ జంటగానే వస్తుంటే ఆ జంట ఒక ముడి. ముడుల లెక్కకు ఇరాన్‌లోని తబ్రీజ్ వాళ్లు ‘రజ్’ అంటారు. అంటే సుమారు 7 సెంటీమీటర్లలో ఉన్న ముడులు. 50 రజ్ అంటే చదరపు అంగుళానికి దాదాపు 330.

ముడి రకం తెలియాలంటే ముందువైపు బొచ్చును వేళ్లతో పాయ తీసి భూతద్దంతో చూడాలి. టర్కీ ముడి రెండు పడుగు దారాలనూ చుట్టుకుని వాటి మధ్యనుంచి పైకి వస్తుంది. పర్షియా ముడి ఒక దారాన్ని చుట్టి, రెండోదాని కిందుగా పోతుంది. పర్షియా ముడికే ‘సెన్నె ముడి’ అని పేరు. కానీ ఆ సెన్నె ఊళ్లో, అంటే ఇరాన్‌లోని నేటి సనందజ్‌లో, నేసేది టర్కీ ముడే. పేరు చూసి ఊరు తేల్చేయకండి. రెండు దారాలకు బదులు నాలుగు దారాల మీద ఒకే ముడి వేస్తే అది జుఫ్తీ. పని సగం తగ్గుతుంది, బొచ్చు పలచబడుతుంది, తివాచీ త్వరగా అరుగుతుంది.

ముడుల సంఖ్యకే డబ్బు పోయడం పొరపాటు. లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం 1893లో 2000 పౌండ్లకు కొన్న ఇరాన్ అర్దబీల్ తివాచీకి చదరపు అంగుళానికి సుమారు 340 ముడులే. ఇరాన్‌లోని ఖుమ్‌లో నేసే ఇవాళ్టి పట్టు తివాచీల్లో అంతకు మించినవి బోలెడు. అర్దబీల్ గొప్పతనం గీతలో, రంగుల పొందికలో ఉంది. ఇరాన్‌లోని హెరిజ్, కాకసస్ ప్రాంతపు కజక్ తివాచీలు ముతక నేతే అయినా సేకర్తలు వెతికి మరీ కొంటారు. ఇంకో సంగతి, ఈ అర్దబీల్‌ను పూర్తి చేయడానికి దాని జత తివాచీలోంచి ముక్కలు తీసి అతికారు. మిగిలిన జత లాస్ ఏంజెలెస్‌లో ఉంది. మరమ్మతు దోషం కాదు, చెప్పకుండా దాచడమే దోషం.

అర్దబీల్ మీద హిజ్రీ 946 అని నేసి ఉంది. హిజ్రీ సంవత్సరాన్ని 0.97తో గుణించి 622 కలిపితే మన సంవత్సరం వస్తుంది. ఇది 1539-40 అవుతుంది. తేదీ ఉన్న తివాచీ దొరికితే ఆ అంకెల వెనక్కి తప్పకుండా చూడండి. 1320ని 1220 చేయడానికి కొన్ని ముడులు మారిస్తే చాలు, వందేళ్లు పెరుగుతాయి. మార్చినచోట ఊలు మెరుపు, దారం బిగువు పక్కవాటితో కలవవు.

రంగుల్లో కాలం కనిపిస్తుంది. మొదటి కృత్రిమ రంగు 1856లో పుట్టింది. ఆ తర్వాతే ఫుక్సిన్ లాంటి గులాబి రంగులు ఊలు మీదికి వచ్చాయి. బొచ్చు పాయ తీసి కొస, నడుమ, మొదలు చూడండి. కొస బూడిదరంగుకు పోయి మొదట్లో గులాబి భగ్గుమంటుంటే ‘1820 నాటిది’ అన్న మాట నమ్మకండి. సహజ రంగు ఉన్నంత మాత్రాన పాతదనీ అనుకోవద్దు. టర్కీలో 1981లో మొదలైన డోబాగ్ పథకం కింద సహజ రంగులతోనే కొత్తవి నేశారు. అడ్డంగా చారలుగా రంగు ఛాయ మారడం లోపం కాదు. ఊలు విడతలవారీగా అద్దడం వల్ల వస్తుంది, దాన్ని అబ్రష్ అంటారు.

నలుపు మీద చెయ్యి ఆనించి నిమరండి. ఇనుము కలిపి అద్దిన నలుపు, ముదురు గోధుమ రంగులు ఊలును తినేస్తాయి. అందుకే పాత తివాచీలో ఆ గీతలు పల్లంగా, మిగతా పువ్వులు ఉబ్బెత్తుగా చేతికి తగులుతాయి. నల్ల గొర్రె ఊలైతే అలా అరగదు, ఆ తేడా గుర్తుంచుకోండి.

తడిపిన తెల్లగుడ్డను ఎరుపు మీద, ముదురు నీలం మీద నిమిషంపాటు అదమండి. గుడ్డకు రంగు అంటితే అద్దకం నిలవలేదన్నమాట, లేదా అరిగిన చోట్ల మార్కర్ పూశారన్నమాట. వీపు పైకి వచ్చేలా మెల్లగా వంచి చెవి దగ్గర పెట్టండి. పటపటమంటే నూలు పడుగు చివికింది, వదిలేయండి. పట్టు అంటే అమ్మకందారు అనుమతితో ఒక పోగు కాల్చి చూడండి. వెంట్రుక కాలిన వాసన రావాలి, కాగితం వాసన వస్తే అది పట్టు కాదు.

మన దగ్గర పేర్లు కలిసిపోతుంటాయి. వరంగల్ జంపఖానాకు బొచ్చుండదు, అడ్డంగా సాగే పేకదారమే డిజైన్. వరంగల్ నుంచి 1851 లండన్ ప్రదర్శనకు వెళ్లినవి, ఏలూరులో నేసేవి బొచ్చు తివాచీలు. వందేళ్లు దాటినదైతే 1972 పురావస్తు చట్టం ప్రకారం అనుమతి లేకుండా దేశం దాటించకూడదు. అమెరికాలో ఉండేవాళ్లకు ఇంకోటి. ఇరాన్ తివాచీల దిగుమతిని అక్కడ 2018లో మళ్లీ నిషేధించారు. దుబాయ్‌లో కొనేముందే నిబంధన చూసుకోండి.

ఇంటికొచ్చాక ఊలు తినే పురుగే శత్రువు. సోఫా కింద, గాలాడని చోట దాని లార్వా ఊలు తింటుంది. ఇసుక రేణువుల్లాంటి రెట్ట కనిపిస్తే రెండువైపులా వాక్యూమ్ చేయండి. బ్రష్ తిరిగే ముక్క తీసేసి, కుచ్చుల జోలికి పోకుండా చేయాలి. చిన్న తివాచీని పాలిథిన్‌లో గట్టిగా మూసి రెండు వారాలు డీప్ ఫ్రీజర్‌లో పెట్టండి. బయటికి తీశాక గది వేడికి వచ్చేదాకా సంచి విప్పకండి, లేకపోతే గాలిలోని తేమ ఊలు మీద నీరుగా పేరుకుంటుంది. దాచేటప్పుడు మడతపెట్టకుండా గొట్టం మీద బొచ్చు వాలిన దిశగా చుట్టి, పైన పాత నూలు పంచె కప్పండి. విశాఖ, కాకినాడ లాంటి తేమ ఊళ్లలో పాలిథిన్ చుట్టి దాస్తే బూజు పడుతుంది. ఆరు నెలలకోసారి విప్పి, మళ్లీ వీపు చూడండి.