చెరువు శిఖంలో కట్టడాన్ని ఎదిరించాలంటే
హైదరాబాద్ పరిసరాల్లో చెరువు శిఖంలో, అంటే నీరు నిలిచే చెరువు లోపలి భూమిలో, మట్టి పోసి వెంచర్ వేస్తున్నారని తెలిస్తే, ముందుగా ఆ సర్వే నంబరును హెచ్‌ఎండీఏ (హైదరాబాద్ మహానగర అభివృద్ధి సంస్థ) చెరువుల పటంలోని ఎఫ్‌టీఎల్ (చెరువు నిండినప్పుడు నీరు చేరే) హద్దుతో పోల్చి చూడాలి. శిఖం పట్టాదే కావచ్చు, నాలా మార్పిడి (సాగు భూమిని వ్యవసాయేతర భూమిగా మార్చే) ఉత్తర్వూ ఉండవచ్చు; అంతమాత్రాన అక్కడ కట్టే హక్కు రాదు, అయినా ఎదుటి పక్షం మొదట చూపే కాగితం అదే. పహాణీ (గ్రామ భూమి రికార్డు) నకళ్లు, పాత గ్రామ నక్షా, తేదీ కనిపించే ఫొటోలు జతచేసి తహసీల్దారుకు, నీటిపారుదల శాఖకు ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోవాలి. అయితే వారి జవాబు కోసం కూర్చోకూడదు: 2010 నాటి జాతీయ హరిత ట్రిబ్యునల్ చట్టం 14వ సెక్షన్ ప్రకారం, వివాద కారణం మొదట తలెత్తిన నాటి నుంచి ఆరు నెలల్లోగా, పర్యావరణ వివాదాలు వినే ఆ ట్రిబ్యునల్‌లో దరఖాస్తు వేయాలి, తగిన కారణం చూపినా ఆపైన 60 రోజులకు మించి గడువు దొరకదు. తెలంగాణ కేసులను చెన్నై బెంచి వింటుంది. పనులు ఆపాలంటూ మధ్యంతర ఉత్తర్వును దరఖాస్తుతోపాటే కోరాలి.